శ్రీపర్వతం: సిద్ధుల కొండ, మెట్ల కొండ



ప్రతిదినం అర్చనకు ముందు సంకల్పం చెప్పుకొనేటప్పుడు మా వంటి అర్చకుల నోట రెండు పర్వతాల పేర్లు వెలువడతాయి. మేరువుకు దక్షిణ దిగ్భాగాన, శ్రీశైలానికి ఆగ్నేయ ప్రదేశాన ఈ కర్మ చేస్తున్నానని కర్త తన ఉనికిని భగవంతునికి విన్నవించుకొంటాడు. వీటిలో మేరువును చేరి వచ్చినవాడు లేడు. అది పురాణాలు వర్ణించిన సువర్ణపర్వతం, జగత్తుకు ఇరుసు. శ్రీశైలమా, బస్సెక్కి వెళ్ళి దర్శించి రాగల కొండ. ఒకటి మనోనేత్రానికి గోచరించేది, మరొకటి చర్మచక్షువులకు గోచరించేది. రెండింటినీ ఒకే ఊపిరిలో పలికించిన పూర్వుల ఉద్దేశమేమిటన్న ఆలోచన నాకు చాలాకాలం కలుగలేదు. ఒక భక్తుని దుఃఖం దానిని కలిగించింది.

మా తోటపల్లి గూడూరు ప్రాంతం సముద్రతీరపు పల్లం. వరిచేలు, కాలువలు, తీరం దగ్గర రొయ్యల గుంటలు. కనుచూపు మేరలో కొండ లేదు. కొన్ని సంవత్సరాల క్రితం మా ఆలయానికి నిత్యం వచ్చే ఒక రైతు ఒక సాయంకాలం మరొక మనిషిని వెంటబెట్టుకొని వచ్చాడు. ఆ మనిషి కాషాయం ధరించి ఉన్నాడు. అతని సంచిలో ఒక తాళపత్రాల కట్ట ఉన్నది. రైతు చేతులు జోడించి అన్నాడు: "స్వామీ, ఇందులో శ్రీశైలం ఆనవాళ్ళన్నీ ఉండాయి. గుడికి ఏ పక్క ఏ చెట్టుందో, ఏ గుహలో ఏ రాయుందో, దేన్ని తాకిస్తే రాగి బంగారమవుతుందో అంతా రాసుండారు. మంచి రోజొకటి చూసిపెట్టండి."

ముహూర్తం పెట్టనన్నాను. ఆయన పెట్టించుకోకుండానే వెళ్ళాడు. ఎకరం వరిచేను అమ్మి పాదరసం కొన్నాడు, మూలికలు కొన్నాడు, మూసలు కొన్నాడు. ఏడాది తిరిగి వచ్చేసరికి కాషాయం మనిషి లేడు, సొమ్ము లేదు. కాచిన పాదరసపు ఆవిరి పీల్చి పీల్చి ఆయన చేతులు వణకసాగాయి. తీర్థం ఇస్తుంటే అరచేతిలో నిలువలేదు. అప్పుడు నన్ను ఒక్క మాట అడిగాడు: "ఆ మనిషి మోసగాడే, ఒప్పుకుంటా. కానీ ఆకుల మీద రాసింది శాస్త్రమే గదా స్వామీ. శాస్త్రం అబద్ధమాడుతుందా?"

ఆనాడు తగిన సమాధానం చెప్పలేకపోయాను. అబద్ధమంటే శాస్త్రనింద అవుతుంది, నిజమంటే ఆయన గాయం మీద కారం చల్లినట్టవుతుంది. ఆ తరువాత ఈ కొండను గురించి పూర్వులు ఏమేమి చెప్పారో ఓపికగా చదువుతూ వచ్చాను. ఆయనకు ఇవ్వవలసిన సమాధానమే ఈ వ్యాసం.

నామము, స్థానము

శ్రీపర్వతం, శ్రీగిరి, శ్రీనగం, శ్రీశైలం, ఇవన్నీ పర్యాయనామాలు. మహాభారతం అరణ్యపర్వంలోని తీర్థయాత్రా ఘట్టం శ్రీపర్వతాన్ని దేవితో కూడి మహాదేవుడు వసించే స్థలంగా పేర్కొన్నది. స్థలపురాణం ప్రకారం శిలాదమహర్షికి ఇద్దరు కుమారులు. నంది తపస్సు చేసి స్వామికి వాహనమైనాడు, పర్వతుడు తపస్సు చేసి స్వామికి నివాసమైనాడు. కొండ అంటే ఇక్కడ జడశిల కాదు, తపస్సు చేసిన జీవుడు.

ఈ పేరు ప్రాచీనకాలంలో ఒక్క శిఖరానికే పరిమితం కాలేదు. క్రీస్తుశకం 3వ శతాబ్దిలో ఇక్ష్వాకులు కృష్ణాతీరాన విజయపురిని రాజధానిగా చేసుకొని పాలించారు. నేటి నాగార్జునకొండ అదే. అక్కడి శాసనాలలో విజయపురి శ్రీపర్వతాన ఉన్నట్టు చెప్పబడింది. అంటే కృష్ణానది చీల్చుకొని ప్రవహించే నల్లమల కొండల వరుసను విస్తృతార్థంలో శ్రీపర్వతమన్నారని భావించవచ్చు. అక్కడ బౌద్ధ విహారాలు వెలిశాయి, దేవాలయాలూ వెలిశాయి. తరువాత వచ్చిన విష్ణుకుండినులు తమను శ్రీపర్వతస్వామి పాదభక్తులుగా శాసనాలలో చెప్పుకొన్నారు.

కాలక్రమంలో శ్రీశైల క్షేత్రానికి నాలుగు ద్వారాలు ఏర్పడ్డాయి. తూర్పున త్రిపురాంతకం, దక్షిణాన సిద్ధవటం, పశ్చిమాన అలంపురం, ఉత్తరాన ఉమామహేశ్వరం. వైష్ణవ సంప్రదాయం ఇదే పర్వతశ్రేణిని ఆదిశేషుని దేహంగా భావించింది. తిరుమల పడగ, అహోబిలం నడుము, శ్రీశైలం తోక. నల్లమల, శేషాచలం వరుసలను ఒకే సర్పంగా చూచిన ఆ భావన శైవ వైష్ణవ క్షేత్రాలను ఒకే ప్రాణిలో కలిపివేసింది. భూమిమీద నిలిచిన మనిషికి ఆ సర్పాకారం కనబడదు. అది భావనలో మాత్రమే కనబడుతుంది. మేరువు కనబడినట్టే.

కవుల శ్రీపర్వతం

ఆశ్చర్యమేమంటే ఈ కొండ మహిమలను గురించి అందరికంటె ఎక్కువగా చెప్పుకొన్నవారు కొండకు దూరంగా ఉన్నవారు. 7వ శతాబ్దిలో ఉత్తరాపథాన్ని ఏలిన హర్షవర్ధనుని ఆస్థానంలో శ్రీపర్వతం ఒక వింతల పెట్టె. హర్షుని రత్నావళీ నాటికలో శ్రీపర్వతం నుండి వచ్చిన ఒక ధార్మికుడు, అకాలంలో పూవులు పూయించే దోహదవిద్యను రాజుకు నేర్పుతాడు. ఆ విద్యతో రాజు పెంచిన నవమాలిక ఋతువు కాకుండానే పూస్తుంది. బాణభట్టు హర్షచరితంలో తన రాజును ఆశ్రితుల కోరికలు ఈడేర్చే శ్రీపర్వతంతో పోల్చాడు. వింధ్యకు అవతల ఉన్న శ్రోతలకు ఆ ఉపమానం వివరణ లేకుండానే అర్థమైనదంటే ఈ కొండ కీర్తి ఎంత దూరం ప్రాకిందో ఊహించవచ్చు.

అదే బాణుడు కాదంబరిలో మరొక చిత్రం గీశాడు. చంద్రాపీడుడు ఉజ్జయినికి మరలి వెళ్ళే దారిలో ఒక చండికాలయం ఉంటుంది. దానిలో ఒక వృద్ధ ద్రవిడ ధార్మికుడు. ఆయనకు శ్రీపర్వతపు అద్భుత వార్తలు వేయి తెలుసు. నిధుల పిచ్చి పట్టింది, ధాతువాదమనే వాతం సోకింది. ధాతువాదమంటే లోహాలను బంగారంగా మార్చే విద్య. ఎర్రని లత్తుకతో వ్రాసిన కుహకతంత్రాల తాళపత్ర పుస్తకాలు పోగుచేసుకొన్నాడు. ఎవడో కపటవాది ఇచ్చిన సిద్ధాంజనం పెట్టుకొని ఒక కన్ను పోగొట్టుకొన్నాడు.

ఇది చదివిన రాత్రి నాకు నిద్రపట్టలేదు. దాదాపు పదునాలుగు వందల ఏళ్ళ క్రితపు వాక్యాలలో మా ఊరి రైతు కూర్చొని ఉన్నాడు. తాళపత్రాలు అవే, కొండ అదే, మోసగాడు అతడే. అక్కడ పోయినది కన్ను, ఇక్కడ వణికినవి చేతులు. బాణుడు ఆ వృద్ధుని చూపి మొదట మనలను నవ్విస్తాడు. చంద్రాపీడుడు కూడా నవ్వుతాడు. కాని నవ్వి ఊరుకోడు. తన పరివారం ఆయనతో పెట్టుకొన్న కలహాన్ని మాన్పించి, అనునయించి, ఆయన పుట్టుపూర్వోత్తరాలు విచారిస్తాడు. మోసపోయినవానిపట్ల శిష్టుడు ఎట్లా ప్రవర్తించాలో ఆ ఘట్టం నేర్పుతుంది. ఆనాడు రైతును మందలించి పంపిన నాకు అది ఆలస్యంగా అందిన పాఠం.

8వ శతాబ్దిలో భవభూతి మాలతీమాధవం వ్రాశాడు. అందులో శ్రీపర్వతంతో సంబంధమున్న ఇద్దరు స్త్రీలున్నారు. కపాలకుండల కాపాలిక యోగిని. ఆకాశగమనం తెలిసినది. ఆ శక్తితో మాలతిని అపహరించి శ్రీపర్వతానికి తీసుకొనిపోతుంది. సౌదామిని కూడా అక్కడే వ్రతం పట్టి అద్భుతసిద్ధి పొందినది. ఆమె తన శక్తితో మాలతిని రక్షిస్తుంది. కొండ ఒకటే, విద్య ఒకటే. ఒకతె చేతిలో అది హింసకు సాధనమైంది, మరొకతె చేతిలో ప్రాణరక్షణకు సాధనమైంది. కొండకు మహిమ ఉన్నదా లేదా అన్నది భవభూతి ప్రశ్న కాదు. ఆ మహిమ ఎవరి హృదయంలోకి ప్రవేశించింది అన్నది ఆయన ప్రశ్న.

రసశాస్త్రం ఏమన్నది

ఇక రైతు చేతిలోని ఆకుల విషయం. రసశాస్త్రంలో శ్రీశైలాన్ని సిద్ధిక్షేత్రంగా వర్ణించే భాగాలు నిజంగానే ఉన్నాయి. నిత్యనాథసిద్ధుని రసరత్నాకరంలో ఈ క్షేత్రంలోని గుహలు, వృక్షాలు, జలాలు, శిలలు, వాటి సిద్ధులు దిక్కులతో సహా చెప్పబడ్డాయి. కనుక మోసగాడు చూపినది పూర్తిగా కల్పన కాకపోవచ్చు. అతడు శాస్త్రంలోని సగం చూపాడు, మిగిలిన సగం దాచాడు.

ఆ మిగిలిన సగం ఏమిటి? 14వ శతాబ్దిలో విజయనగర సామ్రాజ్య పరిసరాలలో మాధవాచార్యుల పేర వెలసిన సర్వదర్శనసంగ్రహంలో చార్వాకం మొదలు అనేక దర్శనాలు వివరింపబడ్డాయి. వాటిలో రసేశ్వరదర్శనమని ఒకటున్నది. పాదరసాన్ని శివవీర్యంగా భావించి, దాని సంస్కారంతో దేహాన్ని స్థిరపరచుకొని, జీవించి ఉండగానే ముక్తి పొందాలన్నది ఆ దర్శన సారం. అక్కడ గ్రంథకర్త ఒక సందేహాన్ని స్పష్టంగా తీరుస్తాడు. రసశాస్త్రం లోహాలను మార్చడానికే పుట్టిందని అనుకోరాదట. దేహాన్ని దృఢపరచి ముక్తికి చేర్చడమే దాని పరమప్రయోజనమట. లోహం మీది ప్రయోగం పరీక్ష మాత్రమే. బంగారు నాణెమును గీటురాయి మీద గీసి చూచినవాడు ఆ గీతను ఇంటికి తీసుకొనిపోడు కదా. మన రైతుకు కాషాయం మనిషి గీటురాయి మీది గీతను అమ్మాడు.

ఆ దర్శనం చెప్పినట్టు పాదరసం తిన్నవారికి దేహస్థైర్యం కలుగుతుందని నేను చెప్పడం లేదు. పాదరసం విషమని, దాని ఆవిరి నరాలను దెబ్బతీస్తుందని నేటి వైద్యం నిస్సందేహంగా చెబుతున్నది. దానికి సాక్ష్యం నా కళ్ళముందే ఉన్నది. ఇంటివద్ద ఎవరూ అటువంటి ప్రయోగాలకు పూనుకోరాదు. నేను చెప్పేది శాస్త్రపు గురి ఎటు ఉన్నదన్న విషయం మాత్రమే. ఆ గురి ఏనాడూ సొమ్ము కాదు.

బంగారం కాకుండా ఆగిన కొండ

రసవాదులందరికీ గురుస్థానం నాగార్జునుడు. ఆ పేరుతో శూన్యవాదాన్ని స్థాపించిన ఆచార్యుడున్నాడు, రససిద్ధుడూ ఉన్నాడు. కథలలో ఇద్దరూ ఒకరైపోయారు. 7వ శతాబ్దిలో మన దేశానికి వచ్చిన చైనా యాత్రికుడు హ్యూయన్ త్సాంగ్ ఒక కథ విన్నాడు. శాతవాహన రాజు నాగార్జునుని కోసం కొండను తొలిపించి ఐదంతస్తుల విహారం కట్టిస్తుండగా ధనం అయిపోయింది. అప్పుడు నాగార్జునుడు తన ఓషధితో పెద్ద పెద్ద బండలను బంగారంగా మార్చి రాజుకు ఇచ్చాడు. పని పూర్తయింది. ఈ కథలో బంగారం పుట్టిందిగాని, పుట్టించినవాడు దానిని దాచుకోలేదు.

దీనికంటె లోతైన కథను ఎనుబదినలుగురు సిద్ధుల చరిత్రలు చెప్పే గ్రంథం టిబెట్టు భాషలో భద్రపరచింది. నాగార్జునుడు ఒక కొండ మొత్తాన్ని సువర్ణమయం చేయదలచాడు. లోకంలో దారిద్ర్యం పోవాలన్నదే ఆయన కోరిక. కొండ మొదట ఇనుమైంది, తరువాత రాగి అయింది. ఇక బంగారం కావలసి ఉండగా మంజుశ్రీ అడ్డుపడ్డాడు. "నీవు చేసేది జనులకు ఉపకారం కాదు. ఈ బంగారం కోసం వారు ఒకరినొకరు చంపుకొంటారు" అని దాని అర్థం. నాగార్జునుడు ఆగిపోయాడు. ఆ కొండ రాగివన్నెలోనే మిగిలిపోయింది. ఆయన తరువాత శ్రీపర్వతం వైపు బయలుదేరాడు.

జిజ్ఞాసువులు ఈ కథను నిదానంగా మననం చేయాలి. ఇక్కడ సిద్ధి అసత్యమని ఎవరూ అనలేదు. సిద్ధి చేతికందిన క్షణంలో దానిని విడిచిపెట్టగలగడమే సిద్ధుని లక్షణమని చెప్పారు. బౌద్ధుల కథ కనుక మనకు పరాయిది అనుకోనక్కరలేదు. పతంజలి మహర్షి యోగసూత్రాలలో చెప్పినదీ ఇదే. జన్మవలన, ఓషధివలన, మంత్రంవలన, తపస్సువలన, సమాధివలన సిద్ధులు కలుగుతాయని ఆయన అంగీకరించాడు. ఓషధిని కాదనలేదు. కాని అవే సమాధికి విఘ్నాలని, బహిర్ముఖమైన మనస్సుకు మాత్రమే సిద్ధులుగా కనిపిస్తాయని ముందే హెచ్చరించాడు. ఉన్నత స్థానాలలోని దేవతలు ఆహ్వానించినా సంగము గాని గర్వము గాని కూడదన్నాడు. ఇక కాషాయం కట్టిన మనిషి ఆహ్వానిస్తే చెప్పవలసినదేమున్నది?

మెట్ల కొండ

కవులు, రసవాదులు దూరంనుండి కొండను చూస్తున్న కాలంలోనే మరొక వర్గం కొండను దగ్గరగా చూచింది. వారు నడిచినవారు. కాకతీయుల నాటి పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్రలో పర్వతప్రకరణమని ఒక భాగం ఉన్నది. ద్విపదలో నడిచే ఆ భాగం శివరాత్రికి శ్రీశైలం ఎక్కే జనసమూహాన్ని చూపుతుంది. వారు దారిపొడుగునా పాడుకొన్న పాటల పేర్లు కూడా సోమనాథుడు చెప్పాడు: తుమ్మెద పదాలు, పర్వత పదాలు, ఆనంద పదాలు, శంకర పదాలు, వెన్నెల పదాలు. తెలుగు జానపద గేయాల చరిత్రకు అది తొలి ఆధారాలలో ఒకటి. బాణుని వృద్ధుని దగ్గర వేయి వింతకథలున్నాయి. సోమనాథుని యాత్రికుల దగ్గర పాటలున్నాయి. కొండ మహిమ వృద్ధునికి ఒంటరిగా దక్కవలసిన రహస్యం, యాత్రికులకు గుంపుగా పాడుకోవలసిన ఆనందం.

15వ శతాబ్దిలో గౌరన నవనాథచరిత్రను ద్విపదగా రచించాడు. శ్రీశైలంలోని భిక్షావృత్తి మఠాధిపతి ముక్తిశాంతుని ప్రోత్సాహంతో వెలసిన ఆ కావ్యంలో సిద్ధుల అద్భుతాలు పుష్కలంగా ఉన్నాయి. మఠం పేరు మాత్రం భిక్షావృత్తి. రాయిని బంగారం చేయగలవారి కథలను వ్రాయించినవారు భిక్షతో బ్రతుకుతామని పేరు పెట్టుకొన్నారు. ఇంతకంటె వ్యాఖ్యానం అక్కరలేదు.

ఈ నడిచేవారి కోసం రాజులు చేసినది శాసనాలు చెబుతాయి. అద్దంకి రాజధానిగా 1325 నుండి 1353 వరకు పాలించిన ప్రోలయ వేమారెడ్డి శ్రీశైలానికి, అహోబిలానికి సోపానాలు కట్టించాడు. ఆయన ఆస్థానకవి ఎఱ్ఱాప్రగడ. ఆ శతాబ్ది చివర విజయనగర ప్రభువు రెండవ హరిహరరాయల దేవి విఠలాంబ పాతాళగంగనుండి పైకి మెట్లు కట్టించింది. ఒక శైవక్షేత్రానికి, ఒక వైష్ణవక్షేత్రానికి ఒకే చేత మెట్లు వేయించిన వేమారెడ్డికి ఆ రెండు కొండలు ఒకే శేషుని దేహమన్న భావన ఆచరణలో తెలిసినట్టే.

అన్ని దానాలూ ఇంత సౌమ్యమైనవి కావు. 1377లో అనవేమారెడ్డి శ్రీశైలంలో వీరశిరోమండపం కట్టించాడు. ఆవేశపూరితులైన భక్తులు తమ నాలుకలను, శిరస్సులను స్వామికి అర్పించుకొనే స్థలం అది. తక్షణసిద్ధి కోరే మనస్సు ఎంత దూరం పోగలదో ఆ మండపం సాక్షి. రసవాది బంగారం కోసం తొందరపడితే, వీరుడు కైలాసం కోసం తొందరపడ్డాడు. ఇద్దరూ మెట్లు ఎక్కే ఓపిక లేనివారు. భక్తి పేర జరిగినది కనుక దీనిని దాచడం నాకు ఇష్టం లేదు. అది నేడు లేదు. మెట్లు ఉన్నాయి.

వెంకటాపురం నుండి నాగలూటి, పెచ్చెరువు, భీముని కొలను మీదుగా కైలాసద్వారం చేరే అడవిదారిలో నేటికీ వేలమంది నడుస్తారు. ఉగాదికి కన్నడదేశం నుండి వచ్చే భక్తులు భ్రమరాంబను తమ ఆడపడుచుగా, మల్లన్నను అల్లునిగా భావించి నడిచి వస్తారు. ఈ అడవిలో ఎన్నడో స్థిరపడిన చెంచులకు ఆయన చెంచు మల్లన్న, వారింటి అల్లుడే. ప్రాకారకుడ్యం మీద విజయనగర కాలపు శిల్పాలలో యోగాసనాలలో ఉన్న సిద్ధులున్నారు, వేటకు వెళ్ళేవారున్నారు, ఏనుగులు గుఱ్ఱాలున్నాయి. కొండ అందరినీ తన గోడమీద కూర్చోబెట్టుకొన్నది. 1794లో కాలిన్ మెకంజీ అనే స్కాట్లండు సైనికాధికారి ఇక్కడికి వచ్చి, గర్భాలయపు చీకటిలో ఉన్న లింగాన్ని వెలుపలినుండి అద్దంతో వెలుగు ప్రసరింపజేసి చూపారని వ్రాశాడు. రాగిని బంగారం చేసే రాయి సంగతి ఎట్లున్నా, ఎండను గర్భగుడిలోకి తీసుకొనిపోయే అద్దం మాత్రం అక్కడ ఉండేది.

కొండ మనకు ఇచ్చినది

ఇప్పుడు మా ఊరికి వస్తాను. మా వరిచేలకు పెన్నానది ఆధారం. మా సంస్కృత సంకల్పాలలో ఆమె పినాకిని. నందికొండలలో పుట్టి, శ్రీశైల దక్షిణద్వారమైన సిద్ధవటాన్ని తాకి, సోమశిల వద్ద వెలిగొండలను చీల్చుకొని, నెల్లూరు దాటి సముద్రంలో కలుస్తుంది. దారిలో ఆమెలో చేరే ఉపనదులలో రెండింటిని గమనించండి. నల్లమలకు పడమట నంద్యాల మీదుగా వచ్చేది కుందూ. మహానంది కోనేటిలో ఎల్లవేళలా ఊరే స్వచ్ఛజలం ఆ లోయదే. నల్లమలకు తూర్పున వచ్చేది సగిలేరు. అంటే శ్రీపర్వతశ్రేణికి ఇరుప్రక్కల కురిసిన వాన మా పెన్నమ్మలో చేరుతున్నది. ఇటీవలి కాలంలో తెలుగుగంగ కాలువ శ్రీశైల జలాశయపు కృష్ణమ్మ నీటిని కూడా సోమశిలకు, కండలేరుకు చేర్చి, అటునుండి మద్రాసు వరకు తీసుకొనిపోతున్నది.

ఆ రైతు మళ్ళీ ఒకనాడు గుడికి వచ్చినప్పుడు ఆయనను మండపంలో కూర్చోబెట్టి ఇదంతా చెప్పాను. ఈసారి మందలించలేదు. చివరకు అన్నాను: "నాయనా, శాస్త్రం అబద్ధమాడలేదు. శ్రీశైలానికి ఒక వస్తువును మరొక వస్తువుగా మార్చే శక్తి నిజంగానే ఉన్నది. మేఘాన్ని నీరుగా మార్చింది. ఆ నీరు నీ చేలో బురదను ధాన్యం చేసింది. ఆ ధాన్యం నీ బిడ్డల ఒంట్లో నెత్తురైంది. ఆ కొండ ఇన్ని సంవత్సరాలుగా నీకు పంపిస్తున్న బంగారాన్ని పండించే చేనునే అమ్మి, నీవు ఆ కొండ మీదకు బంగారం వెదకడానికి పోయావు."

ఆయన చాలాసేపు మాట్లాడలేదు. తరువాత, "చేను తిరిగి రాదు గదా స్వామీ" అన్నాడు. రాదు. దానికి నా దగ్గర ఓదార్పు లేదు. చేను తిరిగి వచ్చే సిద్ధి ఏ గ్రంథంలోనూ నేను చదువలేదు. కాని ఆయన ఆ శివరాత్రికి మరి కొందరితో కలిసి నాగలూటి దారిన నడిచి వెళ్ళాడు. తిరిగి వచ్చి, దారిలో ఒక ముసలమ్మ తనకు దప్పికైతే నీళ్ళిచ్చిందని, తాను ఆమె మూటను భీముని కొలను మెట్లమీద మోశానని చెప్పాడు. చేతులు ఇంకా కొంచెం వణకుతూనే ఉన్నాయి. శిఖరదర్శనం అయిందా అని అడిగాను. "అయింది స్వామీ. మబ్బు పట్టుండింది. కాసేపు కూర్చుంటే తేలిపోయింది" అన్నాడు.

భక్తులారా, నిధులున్నాయని పాత శివాలయాలలో నందులను పగులగొట్టి త్రవ్వేవారి వార్తలు మనం నేటికీ వింటూనే ఉన్నాం. ఆ కొండలలో తప్ప పెద్దగా ఎక్కడా పెరగని ఎర్రచందనాన్ని నరికి అమ్ముకొనేవారున్నారు. వీరంతా బాణుని వృద్ధునికి వారసులు. కొండను మింగదలచినవానికి కొండ రాయిగానే మిగులుతుంది. మీ ఊళ్ళో ఎవరైనా తాళపత్రాలతో వచ్చి శ్రీశైల రహస్యం అమ్ముతామంటే ముహూర్తం కంటె ముందు ఒక ప్రశ్న అడగండి: ఆ విద్య తెలిసిన మీకు మా చేనుతో పనేమిటి?

ఇక మొదటి సందేహం. సంకల్పంలో మేరువును, శ్రీశైలాన్ని పూర్వులు ఒక్కచోట ఎందుకు నిలిపారు? నాకు తోచినది విన్నవిస్తున్నాను. మేరువు చూపు ఎంత ఎత్తుకు పోవాలో చెబుతుంది. శ్రీశైలం కాలు ఎక్కడ మోపాలో చెబుతుంది. మేరువు మాత్రమే ఉంటే మనిషి కలలో తిరుగుతాడు. శ్రీశైలం మాత్రమే ఉంటే రాళ్ళు లెక్కపెడుతూ కూర్చుంటాడు. బంగారుకొండను మనస్సులో ఉంచుకొని రాతికొండను మెట్టు మెట్టుగా ఎక్కమని వారి ఉపదేశం. రెండింటి స్థానాలను తారుమారు చేసుకొని, రాతికొండలో బంగారాన్ని వెదికినప్పుడే అనర్థం కలిగింది.

ఇప్పుడు ప్రతిరోజు సంకల్పంలో శ్రీశైలస్య అన్న మాట వచ్చినప్పుడు నా చూపు ఒక్క క్షణం వాయవ్యానికి తిరుగుతుంది. అటు కొండ కనబడదు. కాలువ కనబడుతుంది.

శివార్పణమస్తు.